ఇమ్రోజ్: సెప్టెంబరు 17 ఎవరి రోజు?

(షోయబుల్లాఖాన్ స్మారకోపన్యాసం, ముద్రిత పాఠం)



షోయబుల్లాఖాన్ తన పత్రికకు ‘ఇమ్రోజ్’ అని పేరు పెట్టుకున్నాడు. ఉర్దూలో ఆ మాటకు ‘ఈ రోజు’ అని అర్థం. 1947 నవంబరులో మొదలుపెట్టి, తొమ్మిది నెలలు నడిపాడు. 1948 ఆగస్టు 21 రాత్రి పత్రిక పని ముగించుకుని కాచిగూడలో ఇంటికి నడిచి వెళుతుంటే దారికాచి కాల్చారు, కత్తులతో నరికారు. రాసిన చేతిని ప్రత్యేకంగా నరికారు. అడ్డుపడిన బావమరిది ఇస్మాయిల్‌ఖాన్ చెయ్యి కూడా తెగింది. తెల్లవారకముందే షోయబుల్లా ప్రాణం పోయింది. ఇరవై ఎనిమిదేళ్లు నిండలేదు.

చేసిన నేరం ఒక్కటే. హైదరాబాదు భారత యూనియన్‌లో కలవాలని ఉర్దూలో రాశాడు. అదే కోరుతూ ఏడుగురు ముస్లిం ప్రముఖులు ఇచ్చిన ప్రకటనను తన పత్రికలో అచ్చువేశాడు.

ఆ తేదీని ఇంకో కారణానికీ గుర్తుపెట్టుకోవాలి. సరిగ్గా అదే ఆగస్టు 21న నిజాం ప్రభుత్వం ఐక్యరాజ్యసమితి భద్రతా మండలికి ఫిర్యాదు పంపింది. మేము వేరే దేశం, భారతదేశం మమ్మల్ని బెదిరిస్తోంది, మా మొర వినండి అని ఆ ఫిర్యాదు సారాంశం. ఒకే ఊళ్లో, ఒకే తేదీన, ఒకే మతంవాళ్లు, ఒకే భాషలో ఆలోచించేవాళ్లు: ఒకరు మాది వేరే దేశమని ప్రపంచానికి ఉత్తరం రాశారు, మరొకరు నాది భారతదేశమని రాసినందుకు వీధిలో పడిపోయారు. హైదరాబాదు సంస్థానంలో దేశమనే మాట ఎంత చీలి ఉందో చెప్పడానికి నాకు ఇంతకన్నా మంచి సాక్ష్యం దొరకలేదు. హిందువులు ఇటు, ముస్లింలు అటు అని గీత గీసి చెప్పే చరిత్ర ఈ ఒక్క రాత్రి దగ్గరే ఆగిపోతుంది.

ఆయన పోయిన ఈ ఆగస్టు 22 నుంచి ఇరవై ఆరు రోజులకు, నిజాం కాల్పుల విరమణ చెప్పిన సెప్టెంబరు 17 వస్తుంది. మన రాష్ట్రంలో ఆ రోజుకు ఉన్నన్ని పేర్లు మరే రోజుకూ లేవు. విమోచనం అంటారు, విలీనం అంటారు, కొందరు విద్రోహం అన్నారు. కమ్యూనిస్టులు దాన్ని సాయుధ పోరాట వారోత్సవాల ముగింపుగా జరుపుతారు. 2022లో రాష్ట్ర ప్రభుత్వం జాతీయ సమైక్యతా వజ్రోత్సవాలని పేరు పెట్టి పబ్లిక్ గార్డెన్స్‌లో జెండా ఎగరేసింది. అదే రోజు, అదే ఉదయం, కేంద్ర ప్రభుత్వం సికింద్రాబాదు పరేడ్ గ్రౌండ్స్‌లో హైదరాబాదు విమోచన దినం జరిపింది. 2024 మార్చిలో కేంద్రం విమోచన దినమని గెజెట్‌లో ప్రకటించింది. ఆ సెప్టెంబరులో కొత్త రాష్ట్ర ప్రభుత్వం దాన్ని ప్రజాపాలన దినోత్సవం అన్నది. పక్కన మహారాష్ట్రలో అదే తేదీ మరాఠ్వాడా ముక్తి సంగ్రామ దినం. పాతబస్తీలో పెద్దవాళ్లను అడగండి, వాళ్లు ‘సుకూతె హైదరాబాద్’ అంటారు. హైదరాబాదు పతనం అని.

ఎగిరేది ఒకటే మువ్వన్నెల జెండా. దాని కింద నిలబడ్డవాళ్లు ఒకరి పేరును ఇంకొకరు ఒప్పుకోరు.

మా నాయనమ్మది సూర్యాపేట తాలూకాలో ఒక పల్లె. ఈ పేర్లలో ఒక్కటి కూడా ఆమె నోట నేను వినలేదు. ఆమెకు తేదీలు తెలియవు. ‘రజాకార్ల జమాన’, ‘యాక్షన్’, ‘యాక్షన్ అయినంక’ అని కాలాన్ని మూడుగా పంచుకునేది. మా పెదనాయన పుట్టింది యాక్షన్ ముందు వానకాలంలో, పొలం పోయింది యాక్షన్ అయిన రెండో ఏట. చిన్నప్పుడు నాకు ఒక సంగతి అర్థమయ్యేది కాదు. ఆమె కథల్లో రెండు మిలిట్రీలు ఉండేవి. “మొదలు వచ్చిన మిలిట్రీ మంచిది. ఊరంతా ఎదురుపోయినం, కడవలతోని నీళ్లిచ్చినం, దండం పెట్టినం. తర్వాత వచ్చిన మిలిట్రీ మా అన్నను చింతచెట్టుకు కట్టేసి కొట్టింది.” చాలా ఏళ్లు అవి వేరువేరు సైన్యాలనే అనుకున్నాను. కళాశాలలో చరిత్ర చదివాక తెలిసింది, రెండూ ఒకటేనని. ఆమెకు అది ఎప్పటికీ తెలియలేదు. నాకు చెప్పబుద్ధి కాలేదు.

సెప్టెంబరు 17ను గురించి మాట్లాడాలనుకున్న ప్రతిసారీ నేను ఆ చింతచెట్టు దగ్గరి నుంచే మొదలుపెడతాను.

అప్పటి సంస్థానాన్ని ఒకసారి మనసులో పరుచుకోండి. 82 వేల చదరపు మైళ్లు. 1941 లెక్కల ప్రకారం కోటీ 63 లక్షల జనం. పదహారు జిల్లాలు: ఎనిమిది తెలుగువి, ఐదు మరాఠీవి, మూడు కన్నడవి. పరిపాలన ఉర్దూలో, కోర్టు ఉర్దూలో, 1918లో పెట్టిన ఉస్మానియా విశ్వవిద్యాలయంలో చదువు ఉర్దూలో. సొంత తపాలా, సొంత రైలు, సొంత రూపాయి. ఆ రూపాయిని హాలీ సిక్కా అనేవాళ్లు. బ్రిటిషు ఇలాకా రూపాయి కల్దారు. ఏడు హాలీ రూపాయలిస్తే ఆరు కల్దారు వచ్చేవి. బెజవాడలో పిల్లనిచ్చిన తండ్రి కట్నం మాట్లాడేటప్పుడు హాలీయా కల్దారా అని తేల్చుకోవలసి వచ్చేది. పేదవాడికి దేశమంటే ముందు తెలిసేది ఇలాంటి చోటనే, చేతిలో ఉన్న నాణెం ఎక్కడిదాకా చెల్లుతుందో అక్కడ.

ఇక చదువుకున్నవాళ్ల సంగతి. 1921లో హైదరాబాదు వివేకవర్ధని థియేటరులో కార్వే అధ్యక్షతన సంఘసంస్కరణ సభ జరిగింది. ఆలంపల్లి వెంకటరామారావు అనే న్యాయవాది తెలుగులో మాట్లాడబోతే సభలోని మరాఠీవాళ్లు గోల చేసి మాట్లాడనివ్వలేదు. ఆ అవమానం లోంచి ఆ రాత్రే ఆంధ్ర జనసంఘం పుట్టింది. తొమ్మిదేళ్లకు జోగిపేటలో ఆంధ్రమహాసభ మొదటి సమావేశం జరిగింది. నిజాం మీద కోపం కన్నా ముందు, పక్కవాడు మన భాషను చిన్నచూపు చూశాడన్న బాధ మనవాళ్లను ఒకచోట చేర్చింది. 1938లో ఉస్మానియా విద్యార్థులు వందేమాతరం పాడినందుకు చదువులు పోగొట్టుకుని నాగపూరు వెళ్లారు, వారిలో పి.వి. నరసింహారావు ఒకరు. అప్పటికి వాళ్లకు భారతదేశం ఒక పాట. కడవెండిలో 1946 జూలై 4న దొడ్డి కొమరయ్య తుపాకి గుండుకు పడిపోయినప్పుడు ఆ జనం దేశం కోసం ఊరేగడం లేదు. వెట్టి వద్దని, విసునూరు దేశముఖు దౌర్జన్యం వద్దని ఊరేగారు. పాలకుర్తి ఐలమ్మ కాపాడుకున్నది తన కౌలు పంట. వీళ్లందరినీ కలిపి జాతీయోద్యమం అని ఒక మాటలో కట్టేస్తే, ఎవరు దేనికి లేచారో చెరిగిపోతుంది.

ఈ వేర్వేరు ధారలు 1947 ఆగస్టు తర్వాతే ఒక వాలుకు వచ్చాయి. స్టేట్ కాంగ్రెస్ నాయకుడు స్వామి రామానంద తీర్థ ఆగస్టు 7ను భారత యూనియన్‌లో చేరే దినంగా పాటించమన్నారు. ఆగస్టు 15న జెండా ఎగరేసి జైలుకు పోయారు. సెప్టెంబరు 2న పరకాలలో జెండా పట్టుకున్నవాళ్ల మీద కాల్పులు జరిగాయి. సెప్టెంబరు 11న కమ్యూనిస్టు నాయకులు రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి, మఖ్దూం మొహియుద్దీన్ సాయుధ పోరాటానికి పిలుపునిచ్చారు. ఆ పిలుపు మీద సంతకం పెట్టిన ముగ్గురిలో ఒకరు ఉర్దూ కవి, ముస్లిం అన్న సంగతిని దయచేసి దాటిపోకండి. నవంబరు 29న నిజాంకూ భారత ప్రభుత్వానికీ మధ్య యథాతథ ఒప్పందం కుదిరింది. ఒప్పందం ఏడాదికని రాసుకున్నారు కాని, ఊళ్లల్లో ఏదీ యథాతథంగా ఉండలేదు. కాసిం రజ్వీ సాయుధ దళం, రజాకార్లు, ఊళ్ల మీద పడ్డారు. 1948 ఆగస్టు 27న బైరాన్‌పల్లిలో రజాకార్లు చేసిన ఊచకోత మీకు తెలుసు. ఊరి బురుజు ఇంకా ఉంది, వెళ్లి చూడవచ్చు. ఇళ్లొదిలి బెజవాడ వైపు, జగ్గయ్యపేట వైపు బండ్లు కట్టుకుని పోయినవాళ్ల పిల్లలు ఈ సభలోనే కొందరు ఉండి ఉంటారు.

సెప్టెంబరు 13న భారత సైన్యం నాలుగు దిక్కుల నుంచీ వచ్చింది. షోలాపూరు వైపు నుంచి మేజర్ జనరల్ చౌదరి, మన వైపు బెజవాడ నుంచి కోదాడ, సూర్యాపేట మీదుగా ఇంకో దళం. దానికి పోలీసు చర్య అని పేరు పెట్టారు. మా నాయనమ్మ అన్న యాక్షన్ అదే. ఐదో రోజు, 17 సాయంత్రం, నిజాం రేడియోలో కాల్పుల విరమణ చెప్పాడు. మర్నాడు ఆయన సేనాపతి ఎల్ ఎద్రూస్ లొంగిపోయాడు. చట్టం దృష్టితో చూస్తే 17న జరిగింది అంతవరకే. భారత రాజ్యాంగాన్ని అంగీకరిస్తూ నిజాం ఫర్మానా ఇచ్చింది 1949 నవంబరులో. అది అమలయింది 1950 జనవరి 26న. ఆ రోజు ఆయనే రాజప్రముఖ్ అయ్యాడు. జనాన్ని ఎవరి నుంచి విమోచనం చేశామని చెప్పుకుంటున్నామో, ఆయన 1956 దాకా రాష్ట్రానికి అధిపతి. ఈ సంగతి చెబితే మిత్రులు నన్ను కోప్పడతారు. కాని చెప్పకపోతే, జైలు గోడల మీద నిజాంను తిడుతూ పద్యాలు రాసిన దాశరథి తరానికి ఆ ఆరేళ్లు ఎంత గుచ్చుకున్నాయో మనకు ఎన్నటికీ అర్థం కాదు.

మా నాయనమ్మ రెండు మిలిట్రీల కథకు ఇప్పుడు వస్తాను. రజాకార్లు పోయారు, దొర మాత్రం తిరిగొచ్చాడు. పట్నం పారిపోయిన దేశముఖులు చాలాచోట్ల గాంధీ టోపీ పెట్టుకుని, సైన్యం వెనకాల ఊళ్లకు వచ్చి, కమ్యూనిస్టులు నడిపిన సంఘం పంచిన భూమిని మళ్లీ అడిగారు. సంఘమోళ్లు తుపాకులు దింపలేదు. దించాలా వద్దా అని కమ్యూనిస్టు పార్టీలోనే చీలిక వచ్చింది. రావి నారాయణరెడ్డి దించాలన్నారు, ఇంకొందరు కొనసాగించాలన్నారు. మూడేళ్లు, 1951 అక్టోబరు దాకా, నల్లగొండలో, వరంగల్లులో యూనియన్ సైన్యానికీ, దానికి నీళ్లిచ్చి ఎదురేగిన అదే ఊళ్లకూ మధ్య యుద్ధం జరిగింది. కోయగూడేలను ఖాళీ చేయించి ఒకచోట కుప్పచేశారు. పోరాటం మొత్తంలో నాలుగు వేలమంది పోయారని పుచ్చలపల్లి సుందరయ్య రాశారు. ఆ నాలుగు వేలలో నిజాం చేతిలో పోయినవాళ్లూ ఉన్నారు, నెహ్రూ ప్రభుత్వం చేతిలో పోయినవాళ్లూ ఉన్నారు. ఒకే అమరవీరుల స్తూపం మీద వాళ్లందరి పేర్లూ ఉంటాయి. చంపినవాళ్లు వేరని స్తూపం చెప్పదు.

అయితే ఆ రైతు భారతీయుడు ఎప్పుడయ్యాడు? నా లెక్క చెబుతాను. 1952లో మొదటి ఎన్నికలు జరిగాయి. నల్లగొండ నుంచి నిలబడిన రావి నారాయణరెడ్డికి నెహ్రూ కన్నా ఎక్కువ ఓట్లు వచ్చాయి. నిన్నటిదాకా అడవిలో ఉన్న పార్టీవాణ్ణి ఆ జనం కాగితం ముక్కతో ఢిల్లీ పంపారు. తుపాకితో వచ్చిన దేశాన్ని వాళ్లు ఓటుతో తమది చేసుకున్నారు. నల్లగొండ రైతుకు విలీన దినం ఏదంటే నేను ఆ పోలింగు రోజునే చూపిస్తాను.

ఉస్మానాబాదు, గుల్బర్గా, బీదరు, నాందేడు జిల్లాల్లో అదే సెప్టెంబరు ఇంకోలా గడిచింది. సైన్యం ముందుకు సాగిపోయాక, రజాకార్లు చేసిన పాపానికి రజాకార్లు కాని ముస్లింలు బలయ్యారు. ఇళ్లు దోచారు, మగవాళ్లను చంపారు, ఆడవాళ్లను చెరిచారు, చాలామంది బావుల్లో దూకారు. ఢిల్లీకి ఈ కబుర్లు చేరాక నెహ్రూ ప్రభుత్వం పండిట్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్, మౌలానా అబ్దుల్లా మిస్రీలను పంపింది. 1948 చివర వాళ్లు ఊరూరా తిరిగారు. తక్కువలో తక్కువగా వేసినా 27 వేల నుంచి 40 వేలమంది చనిపోయి ఉంటారని వాళ్ల అంచనా. ఆ నివేదికను అరవై ఏళ్లకు పైగా అచ్చువేయలేదు. 2013 ప్రాంతంలోనే జనం దాన్ని చదవగలిగారు.

ఆ నివేదికలో నన్ను పట్టుకుని వదలని భాగం ఒకటి ఉంది. చాలాచోట్ల హిందువులు తమ ప్రాణాలకు తెగించి ముస్లిం పొరుగువాళ్లను కాపాడారని చెబుతూ, ఒకే వృత్తిలో ఉన్నవాళ్లలో ఈ తోడ్పాటు ఎక్కువ కనబడిందని వాళ్లు రాశారు. కొన్నిచోట్ల ముస్లిం నేతపనివాళ్లకు హిందూ నేతపనివాళ్లు అడ్డు నిలబడ్డారు. అలా నిలబడి కొందరు చచ్చిపోయారు కూడా. జాతి, మతం, సంస్థానం, యూనియన్, ఈ పెద్ద మాటలన్నీ ఊరి మీద పడ్డ వారంలో, ఆ మనిషికి పక్క మగ్గంవాడే తనవాడనిపించాడు. సెప్టెంబరు 17న మనం ఎన్నో ఉపన్యాసాలిస్తాం. ఈ నేతపనివాళ్లకు దండ వేసిన సభ ఒక్కటీ నేను చూడలేదు.

పాతబస్తీవాళ్లు సుకూత్ అంటే మనలో చాలామందికి ఒళ్లు మండుతుంది. రజాకార్ల కోసం ఏడుస్తున్నారంటాం. అందులో రజ్వీ కోసం ఏడ్చినవాళ్లు ఉండే ఉంటారు. వాళ్లతో నాకు పొత్తు లేదు. కాని ఇంకొకటి ఆలోచించండి. ఉర్దూలో చదివి, ఉర్దూలో దస్త్రం రాసి బతికిన గుమాస్తాకు నౌకరీ పోయింది, భాష చెల్లకుండా పోయింది, జేబులోని హాలీ రూపాయి కూడా కొన్నాళ్లకు చెల్లకుండా పోయింది. ఆయన ఏ ఊరికీ వలస పోలేదు. పుట్టిన గల్లీలోనే ఉన్నాడు, దేశమే ఆయన కాళ్ల కింద మారింది. ఆయన కొడుకులు, మనవలు ఆ దేశానికే ఓటు వేశారు, పన్ను కట్టారు, దాని కోర్టుల్లో న్యాయం అడిగారు. అటువంటివాడు ఒక పాత మాటలో తన తాత దిగులు దాచుకుంటే అది దేశద్రోహమా? ముల్కీ మాటను ఎంతకాలం మోశామో మనకు గుర్తులేదా? యాక్షన్ తర్వాత మద్రాసు నుంచి, బొంబాయి నుంచి వచ్చి కూర్చున్న అధికార్లను చూసి, 1952లోనే హైదరాబాదు కుర్రాళ్లు గైర్ ముల్కీ గోబ్యాక్ అన్నారు, సిటీ కాలేజీ దగ్గర పోలీసు కాల్పుల్లో చచ్చిపోయారు. ముల్కీ అంటే నిజాం రాజ్యం పౌరుడని అర్థం. అంతకు నాలుగేళ్ల కిందట ఆ రాజ్యం పోయిందని పండగ చేసుకున్న ఇళ్ల పిల్లలే దాని పౌరసత్వపు మాటను పట్టుకుని వీధికెక్కారు. 1969 తెలంగాణ ఉద్యమంలోనూ అదే మాట పట్టుకున్నారు. వాళ్లను ఎవరూ నిజాం మనుషులనలేదు, అనకూడదు కూడా. తెలుగువాడికి ఇచ్చిన ఆ వెసులుబాటు ఉర్దూవాడికి ఇవ్వకపోవడమే ఈ పండగలో నాకు కనబడే పెద్ద అన్యాయం.

నన్ను అడిగితే నేను విలీనం అనే మాటనే వాడతాను. అందరి అనుభవమూ దానిలో పట్టదని తెలిసే వాడతాను. విమోచనం అన్న మాట మా నాయనమ్మ రెండో మిలిట్రీని కప్పేస్తుంది, ఉస్మానాబాదును పూర్తిగా పూడ్చేస్తుంది. విద్రోహం అన్న మాట బైరాన్‌పల్లిని మరిచిపోతుంది. సైన్యం వచ్చిందని విన్న రాత్రి ఆ చుట్టుపక్కల ఊళ్లు ఎంత ఊపిరి పీల్చుకున్నాయో దానికి పట్టదు. సమైక్యత, ప్రజాపాలన అన్నవి ఆయా ప్రభుత్వాలు తమ అవసరానికి పెట్టుకున్న పేర్లు, అవి ఆ ప్రభుత్వాలతోనే పోతాయి. విలీనంలో కనీసం కలిసినవాడికీ కలుపుకున్నవాడికీ ఇద్దరికీ చోటుంది. నచ్చని పేరు పెట్టుకున్నవాడి దేశభక్తిని శంకించే హక్కు మాత్రం ఎవరికీ లేదంటాను. ఇక్కడ ఒక మనిషి ఒక్క జీవితంలోనే నిజాం రయ్యతు, భారత పౌరుడు, ఆంధ్రప్రదేశ్ వాసి, తెలంగాణ వాసి అయ్యాడు. ఊరు కదలకుండా ఇన్నిసార్లు మారినవాణ్ణి, ఏదో ఒక రోజు ఉదయం నిలబెట్టి నువ్వెవరివో ఒక్క మాటలో చెప్పమనడం దౌర్జన్యం.

మృతులున్న ఊళ్లకు ఈ తగువు లేదు. వాళ్ల తేదీలు వాళ్లకున్నాయి. కడవెండికి జూలై 4, బైరాన్‌పల్లికి ఆగస్టు 27, పరకాలకు సెప్టెంబరు 2, మనకు ఈ ఆగస్టు 22. ఉస్మానాబాదు, బీదరు మృతులకు అలా జనం కూడే తేదీని నేనెక్కడా చూడలేదు.

షోయబుల్లా బతికి ఉంటే ఏం రాసేవాడని ప్రతి ఏటా నన్ను ఎవరో ఒకరు అడుగుతారు. సెప్టెంబరు 18 ఉదయం ఆయన సంతోషించేవాడు, సందేహం లేదు. కోరుకున్నది జరిగింది. ఆ వారమే ఉస్మానాబాదు నుంచి కబుర్లు రావడం మొదలయ్యేది. యూనియన్ కోసం అందరికన్నా ముందు నిలబడ్డ ముస్లిం ఆయన. యూనియన్ వచ్చిన వారంలో ముస్లింలకు ఏం జరుగుతోందో ఉర్దూలో రాస్తే, రజాకారువంటూ ఆయన నోరు మూయించగలవాడు ఎవడూ ఉండేవాడు కాడు. అప్పటి హైదరాబాదులో అలా రాయగలిగిన కలం నాకు తెలిసి ఇంకొకటి లేదు. దాన్ని పట్టిన చెయ్యిని సెప్టెంబరు 17కు ఇరవై ఏడు రోజుల ముందే నరికేశారు.